తింప్సిలా: గడ్డిమైదానం దాచుకున్న దుంప – తరచుగా అడిగే ప్రశ్నలు

మా వంటింటి గోడకు ఒక దుంపల జడ వేలాడుతూ ఉంటుంది. ఇంటికి వచ్చిన తెలుగువాళ్ళలో చాలామంది దాన్ని చూసి అడిగే మొదటి మాట, "ఇవి వెల్లుల్లిపాయలా?" అని. కాదు. ఉత్తర అమెరికా నడిమి మైదానాల్లో నీలిపూలు పూసే ఒక చిన్న మొక్కకు నేలలో ఊరే దుంపలవి. అక్కడి ఆదివాసులైన లకోటా ప్రజలు దీన్ని తింప్సిలా అంటారు. దక్షిణ డకోటాలో కాపురమున్న ఏళ్ళలో ఈ మొక్క మీద నాకు మమకారం పెరిగింది. అడిగిన వాళ్ళకు అడిగినప్పుడల్లా చెబుతూ వచ్చిన జవాబులనే ఇక్కడ ఒకచోట చేర్చాను.

తింప్సిలా అంటే ఏమిటి? ఇన్ని పేర్లు ఎందుకు?

చిక్కుడు కుటుంబానికి చెందిన మొక్క ఇది. జానెడు ఎత్తు, మహా అయితే మూరెడు. ఏటా పైభాగం ఎండిపోయినా వేరు నేలలో బతికే ఉండి, మరుసటి వసంతంలో మళ్ళీ చిగురిస్తుంది. ఆ వేరే ఉబ్బి, కోడిగుడ్డు ఆకారంలో పిండి నిండిన దుంప అవుతుంది.

ఇంగ్లీషు మాట్లాడేవాళ్ళు దీన్ని గడ్డిమైదానపు టర్నిప్ అనే అర్థంలో ప్రెయిరీ టర్నిప్ అనీ బ్రెడ్‌రూట్ అనీ అన్నారు. ఫ్రెంచి వ్యాపారులు తెల్ల ఆపిల్ అనే అర్థంలో పోమ్ బ్లాంష్ అన్నారు. ఒమాహా అనే మరో తెగ ప్రజలకు ఇది నుగ్థే. శాస్త్రీయ నామం పీడియోమెలమ్ ఎస్క్యులెంటమ్. మొదటి మాటకు గ్రీకులో మైదానపు ఆపిల్ అని అర్థం. రెండో మాట మనకు కొత్తది కాదు. చేమదుంప శాస్త్రీయ నామం కొలకేసియా ఎస్క్యులెంటా, కర్రపెండలానిది మానిహాట్ ఎస్క్యులెంటా. ఆ మాటకు తినదగినది అని అర్థం.

అన్ని పేర్లలోకీ నాకు ఇష్టమైనది స్థానికులు పెట్టుకున్నదే. ఆదివాసులు మొక్కలను వాడే తీరును పరిశోధించిన మెల్విన్ గిల్మోర్, 1919లో అచ్చయిన తన పరిశోధనలో ఈ పేరును విడదీసి చూపించాడు. లకోటాకు దగ్గరి బంధువైన డకోటా భాషలో మైదానాన్ని తెలిపే మాట, సరస్సుల్లో పండే అడవి వరిని తెలిపే మాట కలిసి ఈ పేరు పుట్టిందని ఆయన వివరణ. తూర్పున సరస్సుల ప్రాంతంలో అడవి వరి తిని బతికినవాళ్ళు పడమటి మైదానాలకు తరలి వచ్చారు. అక్కడ కడుపు నింపిన ఈ దుంపకు, విడిచి వచ్చిన వరి పేరునే పెట్టుకున్నారు. అన్నం తినే మనకు ఈ పేరు వెనక ఉన్న బెంగ ఇట్టే అర్థమవుతుంది.

ఇది టర్నిప్ జాతేనా?

కాదు. టర్నిప్ ఆవాల కుటుంబం, ఇది చిక్కుడు కుటుంబం. పైన చూస్తే వెంపలి పువ్వులాంటి పువ్వు, కింద దుంప. రంగునూ ఆకారాన్నీ చూసి తెల్లవాళ్ళు తమకు తెలిసిన కూరగాయ పేరు తగిలించారు, అంతే.

దీని చుట్టం ఒకటి మన నేల మీదే ఉంది. మూలికల కొట్లలో దొరికే బావంచాలు తెలుసు కదా, బొల్లి మచ్చలకు ఆయుర్వేదంలో వాడే నల్లటి గింజలు. ఆ మొక్కనూ ఈ మొక్కనూ ఒకప్పుడు వృక్షశాస్త్రజ్ఞులు సొరేలియా అనే ఒకే ప్రజాతిలో ఉంచారు. తర్వాత రెండింటినీ వేరు చేసి కొత్త పేర్లు ఇచ్చినా, దగ్గరి బంధువులే అన్న మాటలో మార్పు లేదు. సొరేలియా అన్న గ్రీకు మాటకు గజ్జి పట్టినట్టున్నది అని అర్థం. ఆ జాతి మొక్కల మీద కనిపించే చుక్కల్లాంటి గ్రంథులను చూసి పెట్టిన పేరది. అయితే బావంచాలు మందు కాబట్టి ఇదీ మందే అనుకోకండి. ఇది తిండి.

ఎక్కడ పెరుగుతుంది?

కెనడాలోని అల్బర్టా, సస్కచెవాన్, మానిటోబా రాష్ట్రాల దక్షిణ భాగం నుంచి మొదలుపెట్టి మొంటానా, ఉత్తర, దక్షిణ డకోటాలు, నెబ్రాస్కా, కాన్సాస్ మీదుగా దక్షిణాన టెక్సాస్ దాకా. చెట్లు లేని, గాలి ఆగని, దున్నని గడ్డినేలలు దీనికి కావాలి. నీళ్ళు నిలిచే పల్లంలో వెతికితే దొరకదు. మిట్టల మీద, వాలుల్లో, గులకరాళ్ళు కలిసిన గట్టి నేలలో వెతకాలి. మనుషులు తిట్టుకునే నేలే దీనికి ఇష్టం.

మొక్కను ఎలా గుర్తుపట్టాలి?

ముందు నూగు చూడండి. కాండం, ఆకు కాడలు, మొగ్గలు అన్నిటి మీదా తెల్లటి పొడవాటి వెంట్రుకలు ఉంటాయి. పొద్దున్న వెలుతురు ఏటవాలుగా పడినప్పుడు మొక్క చుట్టూ వెండి అంచు కట్టినట్టు మెరుస్తుంది. తర్వాత ఆకు చూడండి. వావిలాకులా ఒకే చోటు నుంచి సాధారణంగా ఐదు చిట్టి ఆకులు వేళ్ళు చాపినట్టు విచ్చుకుంటాయి. పూలు మే నుంచి జూలై లోపు వస్తాయి. పొట్టి కంకిలో కుదురుగా అమరిన నీలి, ఊదా రంగు పూలు. వాడే కొద్దీ గడ్డి రంగుకు తిరుగుతాయి.

దీనిలా కనిపించే విషపు మొక్కలు ఉన్నాయా?

ఉన్నాయి. ముఖ్యంగా లూపిన్. అదీ చిక్కుడు కుటుంబమే, దాని ఆకూ చేతివేళ్ళలాగే ఉంటుంది, దాని పువ్వూ నీలమే. అడవి లూపిన్లలో చాలా వాటిలో విషపు ఆల్కలాయిడ్లు ఉంటాయి. లూపిన్‌కు ఆకులోని వేళ్ళు సాధారణంగా ఐదు కంటే ఎక్కువే ఉంటాయి, అడుగున ఉబ్బిన గుడ్డులాంటి దుంప ఉండదు. కానీ ఈ రెండు వాక్యాలు చదివి మైదానంలోకి వెళ్ళకండి. తెలిసిన మనిషి పక్కన నిలబడి వేలు పెట్టి చూపించనిదే ఏ అడవి దుంపనూ నోట్లో పెట్టుకోకూడదు. ఈ విషయంలో నాకు మొహమాటం లేదు.

జూన్ నెలలోనే తవ్వుతారట, ఎందుకు?

ఈ మొక్కలో నన్ను అన్నిటికంటే ఎక్కువగా కట్టిపడేసిన సంగతి ఇదే, కాబట్టి కొంచెం ఎక్కువే చెబుతాను.

దుంప ఏడాది పొడుగునా నేలలోనే ఉంటుంది. కానీ అది ఎక్కడ ఉందో చెప్పే గుర్తు కొద్ది వారాలు మాత్రమే పైన ఉంటుంది. గింజ ముదరగానే కాండం సరిగ్గా నేల మట్టం దగ్గర పుటుక్కున విడిపోతుంది. విరిగిన పైభాగం మొత్తం గాలికి దొర్లుకుంటూ పోయి, దారి పొడవునా గింజలు రాలుస్తుంది. మన సముద్రతీరంలో ఇసుక మీద దొర్లే ముళ్ళ బంతులు చూసినవాళ్ళకు ఆ దృశ్యం వెంటనే అర్థమవుతుంది. నడి వేసవి దాటాక అదే చోట నిలబడి చూస్తే గడ్డి తప్ప మరేమీ కనిపించదు. కాళ్ళ కిందే దుంప ఉంటుంది, తెలుసుకునే దారి మాత్రం ఉండదు.

మరీ ముందు వెళ్తే మొక్క ఇంకా పెరుగుతూ ఉంటుంది, గింజ పచ్చిగా ఉంటుంది. కాస్త ఆలస్యమైతే గాలి గుర్తు చెరిపేస్తుంది. ఆ రెండింటి మధ్య దొరికే గడువు జూన్, జూలై మొదటి రోజులు. లకోటా భాషలో జూన్ నెలకు ఉన్న పేర్లలో ఒకటి ఈ మొక్క పేరు మీదనే ఉంది: తింప్సిలా కాయలు ముదిరే నెల. మనకు ఏరువాక పున్నమి ఎలాగో వాళ్ళకు ఈ నెల అలాంటిది. తేదీ చూసి కాదు, నేలను చూసి పెట్టిన పేరు.

ఒక మొక్క దొరికితే రెండోది ఎలా వెతకాలి?

లకోటా తల్లులు పిల్లలకు చెప్పే మాట ఒకటి ఉంది. ఈ మొక్కలు ఒకదాన్ని ఒకటి చూపిస్తాయి అని. ఒక మొక్క దొరకగానే దాని కొమ్మలు ఏ వైపు చాచి ఉన్నాయో చూసి, పిల్లలను ఆ వైపు పంపేవారు. అక్కడ మరొకటి, దాని నుంచి ఇంకొకటి. గింజలు గాలివాటున పడతాయి కాబట్టి గుంపులుగా దొరకడంలో వింత లేదు. కానీ ఆ మాట పిల్లల కళ్ళను నేల మీదికి దించి, ప్రతి మొక్కనూ నిలబడి చూసేలా చేస్తుంది. చదువు చెప్పడంలో అంతకంటే మంచి పద్ధతి నేను చూడలేదు.

ఎలా తవ్వుతారు?

పూర్వం నిప్పులో కాల్చి గట్టిపరచిన మొన ఉన్న కర్రతో తవ్వేవారు. ఇప్పుడు ఇనుప గడ్డపార. మొక్క పక్కన కొద్ది దూరంలో గుచ్చి, ఒంటి బరువు మోపి, నేలను పైకి లేపాలి. దుంప సాధారణంగా బెత్తెడు లోతులో ఉంటుంది, కానీ ఆ బెత్తెడు నేల ఎండకు ఇటుకలా బిగిసి ఉంటుంది. వాన పడిన మర్నాడు వెళ్ళాలని తెలిసినవాళ్ళు చెబుతారు.

ఇది తరతరాలుగా ఆడవాళ్ళ పని, ఆడవాళ్ళ విద్య. ఎక్కడ తవ్వాలి, ఏ గుట్ట మీద గత ఏడాది తవ్వారు, ఏ గుట్టకు ఈ ఏడు విశ్రాంతి ఇవ్వాలి అన్న లెక్క తల్లి నుంచి కూతురికి వచ్చింది. తవ్వే ముందు కొంచెం పొగాకు నేలకు సమర్పించి ప్రార్థించే ఆచారం ఈనాటికీ ఉంది.

నల్లమలలో చెంచులు ఇనుప మొన తొడిగిన కర్రతో అడవి దుంపలు తవ్వుకుంటారు. అక్కడ తీగ దుంపలు, ఇక్కడ చిక్కుడు జాతి. పనిముట్టు మాత్రం ఒకేలా ఉంటుంది, చేతిలో పట్టుకున్న తీరూ ఒకేలా ఉంటుంది.

జడ ఎలా అల్లుతారు?

ఒకసారి ఒక పెద్దావిడ ఎదురుగా కూర్చుని చూసే అవకాశం దొరికింది. ఆవిడ చేతులు చేసిన పని చెబుతాను.

తవ్వి తెచ్చిన దుంపకు పైన మట్టి రంగు మందపాటి తొక్క ఉంటుంది, అడుగున సన్నటి వేరు తోకలా వేలాడుతూ ఉంటుంది. ఆవిడ బొటనవేలి గోరుతో తల దగ్గర తొక్కను చీల్చి కిందికి లాగారు. వేరుశనగ గింజ మీద పొట్టు వచ్చినట్టు కాదు, చొక్కా విప్పినట్టు ఒక్క ఊపులో తొక్క మొత్తం ఊడి వచ్చింది. లోపల తెల్లగా, తడిగా, మెరుస్తూ దుంప. అడుగు తోకను మాత్రం తెంపలేదు. జడకు ఆ తోకే పాయ.

మూడు దుంపలు తీసుకుని వాటి తోకలు కలిపి ఒక పేట వేశారు. తర్వాత ప్రతి మలుపులోనూ ఒక కొత్త దుంప తోకను కలుపుతూ పోయారు. మనవాళ్ళు జడలో కనకాంబరాలు అల్లినట్టే. పెద్ద దుంపలు ముందు, చిన్నవి చివర. గంట తిరిగేసరికి మూరన్నర జడ తయారైంది. దాన్ని నీడలో గాలికి వేలాడదీస్తే కొన్ని రోజుల్లో ఎండి, సుద్దముక్కలా గట్టిపడుతుంది. పురుగు పట్టకుండా, తడి తగలకుండా చూసుకుంటే ఏళ్ళ తరబడి నిలుస్తుంది.

మొదట్లో నేను జడను అలంకారం అనుకున్నాను. అది గోదాము. మంచు నాలుగైదు నెలలు కప్పేసే దేశంలో, గుడారం విప్పి గుర్రం మీద వేసుకుని ఊరూరూ తిరిగే జీవితంలో, మూటా గంపా లేకుండా తిండిని మోసుకుపోయే తీరు అది.

రుచి ఎలా ఉంటుంది?

పచ్చిదాన్ని కొరికితే ముందు పచ్చి వేరుశనగ గుర్తొస్తుంది, తర్వాత లేత తేగ. కొంచెం తీపి, కొంచెం మట్టి వాసన, పళ్ళ కింద కరకరలాడే పిండి. ఉడికితే మెత్తబడుతుంది కానీ బంగాళదుంపలా చెదరదు. తనకంటూ గట్టి రుచి ఏమీ లేదు, ఏ పులుసులో వేస్తే ఆ పులుసును పీల్చుకుంటుంది. ముదిరిన దుంప నడిమి భాగం నార కట్టి ఉంటుంది, తేగలో చందమామను తీసి పక్కన పెట్టినట్టు దాన్ని తీసేయాలి.

ఎలా వండుతారు?

ఎండు మాంసం, ఎండు మొక్కజొన్న, ఎండు తింప్సిలా కలిపి మెల్లగా కాచే పులుసు అన్నిటికంటే ప్రసిద్ధం. ఒకప్పుడు అడవి దున్న (బైసన్) మాంసం, ఇప్పుడు ఎక్కువగా గొడ్డు మాంసం. జంతువు పొట్టపేగులతో కాచే తనీగా అనే పులుసులోనూ ఇది పడాల్సిందే. పెళ్ళికీ చావుకీ, ఊరంతా కూడే ప్రతి సందర్భానికీ ఆ పులుసు ఉంటుంది. ఎండు దుంపను దంచి పిండి చేసి, పులుసును చిక్కబరచడానికి, బెర్రీ పండ్లతో కాచే వొజాపీ అనే తీపి వంటకంలో కలపడానికి వాడతారు. పచ్చివి దొరికిన రోజుల్లో నిప్పుల్లో కాల్చుకుని తింటారు. పిల్లలైతే తవ్విన చోటే తొక్క ఒలిచి నమిలేస్తారు.

మన వంటల్లో వేయవచ్చా?

వేయవచ్చు, కానీ తొందరపడకూడదు. మొదటిసారి నేను ఎండు దుంపలను నానబెట్టకుండా కందిపప్పుతో కలిపి కుక్కరులో పెట్టాను. పప్పు మెదిగిపోయింది, దుంపలు రాళ్ళలాగే ఉన్నాయి. రాత్రంతా నీళ్ళలో నానబెట్టి, మర్నాడు విడిగా రెండు మూడు గంటలు సన్నటి సెగ మీద ఉడికించాలి. ఆ తర్వాత చింతపండు పులుసులో వేసినా, అల్లం, మిరియాలు తగిలించి వేపుడు చేసినా బాగుంటుంది. నానబెట్టిన నీళ్ళు పారబోయకుండా అందులోనే ఉడికించండి. వాటిలోనూ రుచి ఉంది.

ఒక మాట మాత్రం చెప్పాలి. ఒక జడ వెనక మండుటెండలో ఒక రోజు పని ఉంది. నేను దీన్ని మసాలాలో ముంచడం మానేశాను. ఉప్పు, మిరియాలు చాలు.

పోషక విలువలు?

ప్రధానంగా పిండిపదార్థం. దాంతోపాటు కొంత ప్రోటీన్, ఖనిజాలు, పచ్చి దుంపలో విటమిన్ సి. షుగరు ఉన్నవాళ్ళు దీన్ని పిండి దుంపగానే లెక్కవేసుకోవాలి. జబ్బులు నయం చేస్తుందని ఎవరైనా పొట్లాలు కట్టి అమ్మితే కొనకండి.

చరిత్రలో ఎక్కడ కనిపిస్తుంది?

మైదానాల జనం చరిత్రలో అడుగడుగునా. వేసవిలో అడవి దున్నల వేటకు బయలుదేరిన గుంపులు ఈ దుంప దొరికే చోట్లను బట్టి దారి ఎంచుకునేవి. మగవాళ్ళు దున్నల కోసం, ఆడవాళ్ళు దుంపల కోసం. పులుసుకు రెండూ కావాలి. మిన్నెసోటాలో ఫ్రెంచి పేరుతో పోమ్ ద తేర్ అనే నది ఉంది. ఫ్రెంచిలో ఆ మాటకు బంగాళదుంప అని అర్థం కానీ, పేరుకు మూలం ఈ దుంపే.

కాగితం మీద బాగా తెలిసిన వర్ణన మెరివెదర్ లూయిస్‌ది. అమెరికా పడమటి తీరానికి దారి వెతుకుతూ వెళ్ళిన లూయిస్, క్లార్క్ బృందం 1805 మే 8న మిస్సోరీ నదిలో మిల్క్ నది కలిసే చోటుకు చేరింది. ఆ రోజు దినచర్యలో లూయిస్ ఈ తెల్ల ఆపిల్ గురించి వివరంగా రాశాడు. ఎండబెట్టి దండలు గుచ్చుతారనీ, పిండి కొట్టి పులుసు చిక్కబరుస్తారనీ నమోదు చేశాడు. తనకు మాత్రం చప్పగా అనిపించిందట. అయినా తన దేశంలోని భోజనప్రియులు దీన్ని ఖరీదైన పుట్టగొడుగులకు బదులు వాడుకుంటారేమో అనుకున్నాడు.

ఆ బృందంలో పసిబిడ్డను వీపున కట్టుకుని నడిచిన షొషోనీ తెగ యువతి సకాజవియాకు ఈ దుంపను వెతకడం తెలుసు. జూన్ నెలలో గ్రేట్ ఫాల్స్ జలపాతాల దగ్గర ఆమెకు పెద్ద జబ్బు చేసింది. కాస్త తేరుకోగానే, జూన్ 19న, బయటికి నడిచి వెళ్ళి ఈ దుంపలు ఏరి తెచ్చుకుని, ఎండు చేపలతో కలిపి పచ్చివే కడుపునిండా తినేసింది. జ్వరం తిరగబెట్టింది. ఆమెను కనిపెట్టుకుని ఉండలేదని లూయిస్ ఆమె భర్త షార్బొనోను గట్టిగా మందలించాడు. నాకైతే ఆ ఘట్టంలో కనిపించేది వేరు. రోజుల తరబడి మంచాన పడి లేచిన మనిషి ముందుగా వెతుక్కున్నది తనకు తెలిసిన తిండిని. మనమూ జ్వరం తగ్గగానే చారన్నం అడగమా?

మరికొన్ని ఏళ్ళకు జాన్ కోల్టర్ అనే వేటగాడు బ్లాక్‌ఫుట్ తెగ యోధుల నుంచి ప్రాణాలతో తప్పించుకుని, ఒంటి మీద గుడ్డ లేకుండా రోజుల తరబడి నడిచి ఒక కోటకు చేరాడు. దారిలో అతన్ని బతికించింది ఈ దుంపేనని వృక్షశాస్త్రజ్ఞుడు జాన్ బ్రాడ్‌బరీ రాశాడు.

ఆకాశంలో దుంప తవ్విన అమ్మాయి కథ ఏమిటి?

మైదానాల జనంలో చాలా తెగలు చెప్పుకునే కథ ఇది, తెగ మారితే మలుపులూ మారతాయి. బ్లాక్‌ఫుట్ వాళ్ళు చెప్పే తీరు ఇలా ఉంటుంది. ఈక పేరున్న ఒక అమ్మాయి వేకువ చుక్కను వలచింది. అతడు ఆమెను పెళ్ళాడి పైలోకానికి తీసుకువెళ్ళాడు. అక్కడ ఆమె చేతికి తవ్వుకోల ఇచ్చి, అన్ని దుంపలూ తవ్వుకోవచ్చు, ఆ ఒక్క మహా దుంపను మాత్రం ముట్టుకోవద్దు అన్నారు. బిడ్డ పుట్టాడు. రోజులు గడిచాయి. ఒకనాడు ఆగలేక, రెండు కొంగల సాయంతో ఆ దుంపను పెకలించింది. ఆకాశానికి రంధ్రం పడింది. అందులోంచి కిందికి చూస్తే తన పుట్టింటి గుడారాలు, పొగ, ఆడుకునే పిల్లలు. అప్పటిదాకా లేని బెంగ అప్పుడు పట్టుకుంది. ఇక ఆమె పైన ఉండలేకపోయింది, బిడ్డతో సహా సాలీడు దారం మీద కిందికి దిగి వచ్చింది.

ఆ రంధ్రమే ధ్రువనక్షత్రం అంటారు వాళ్ళు. పైలోకపు వెలుగు ఆ కంతలోంచి కారుతోంది కాబట్టే అది కదలదట. మనం ధ్రువుడని చూపించే చుక్కనే వాళ్ళు దుంప తవ్విన గుంత అని చూపిస్తారు. లకోటా కథలో ఆమె తింప్సిలా జడలనే తాడుగా పేని కిందికి దిగుతుంది. తాడు చాలక పడి చనిపోతుంది, బిడ్డ బతుకుతాడు. అతడికి రాలిన చుక్క అని పేరు. ఇది వాళ్ళకు కాలక్షేపపు కథ కాదు. బ్లాక్‌ఫుట్ వాళ్ళు వేసవిలో జరిపే పవిత్ర క్రతువులో తవ్వుకోలకు ఈనాటికీ స్థానం ఉంది.

ఇంత మంచి దుంపను పొలాల్లో ఎందుకు పండించరు?

ప్రయత్నించారు. 1840లలో తెగులు తగిలి ఐరోపాలో బంగాళదుంప పంట కుళ్ళిపోయినప్పుడు, లమార్ పికో అనే ఫ్రెంచివాడు దాని స్థానంలో దీన్ని నిలబెట్టాలని అమెరికా నుంచి ఫ్రాన్సుకు తెచ్చాడు. ఆయన పేరు మీద దీన్ని పికోసియాన్ అని కూడా పిలిచారు. పంట నిలబడలేదు.

కారణం మొక్క నడకలోనే ఉంది. గింజ పైపెంకు గట్టిది, నీళ్ళను లోపలికి రానివ్వదు, గీరితే తప్ప మొలవడం కష్టం. కాయకు ఒక్కటే గింజ. మొలిచాక తినదగ్గ దుంప ఊరడానికి రెండు నుంచి నాలుగేళ్ళు. బంగాళదుంప మూడు నాలుగు నెలల్లో బస్తాలు నింపుతుంది. రైతు ఏది వేస్తాడో చెప్పనక్కర్లేదు. పేరు పెట్టడానికి ఒక మనిషి చాలు, ఈ మొక్కను పెంచడానికి మాత్రం మైదానమంత ఓర్పు కావాలి.

ఇది తగ్గిపోతోందా? తవ్వడం వల్లనేనా?

తగ్గింది. దుంపను తవ్వితే మొక్క పోతుంది, అది నిజం. కానీ వేల ఏళ్ళుగా తవ్వుకున్న జనం మధ్యే ఇది వర్ధిల్లింది. దీన్ని మట్టుపెట్టింది నాగలి. 1862 హోమ్‌స్టెడ్ చట్టం తర్వాత వలస వచ్చిన కుటుంబాలు గడ్డినేలను ముక్కలుగా పంచుకుని దున్నేశాయి. ఒక్కసారి నాగలి తిరిగిన చోట ఈ మొక్క మళ్ళీ రావడం చాలా అరుదు. ఎత్తుగడ్డి ప్రెయిరీలో ఈనాడు మిగిలింది 4 శాతం లోపే. 1880ల నాటికి అడవి దున్నల మందలు దాదాపు తుడిచిపెట్టుకుపోయాయి. 1887 డాస్ చట్టం తెగల ఉమ్మడి భూములను విడివిడి కమతాలుగా చీల్చింది, మిగులు అని తేల్చిన భూమి బయటివాళ్ళ చేతికి వెళ్ళింది. తవ్వుకునే గుట్ట ఎవరిదో అయిపోయింది. ఈ దుంప స్థానంలో ప్రభుత్వ రేషనుగా మైదా, పందికొవ్వు వచ్చాయి.

అంత జరిగినా ప్రతి జూన్‌లోనూ పైన్ రిడ్జ్, రోజ్‌బడ్, స్టాండింగ్ రాక్ రిజర్వేషన్లలో, అంటే తెగలకు కేటాయించిన భూముల్లో, అమ్మమ్మలు మనవరాళ్ళను వెంటబెట్టుకుని గడ్డపారలతో బయలుదేరుతూనే ఉన్నారు.

మేము అమెరికాలో ఉంటున్నాం. వారాంతంలో వెళ్ళి తవ్వుకోవచ్చా?

వద్దు. నేషనల్ పార్కుల్లో మొక్కలు పెకలించడం సాధారణంగా నేరం. రిజర్వేషను భూమిలో తెగ అనుమతి లేకుండా తవ్వడం తప్పు. ప్రైవేటు భూమి అయితే యజమానిని అడగాలి. చట్టం సంగతి అలా ఉంచినా, మిగిలిన కొద్ది గుట్టలు ఎవరి పులుసుకు ఆధారమో వాళ్ళకు వదిలేయడం మర్యాద. మొక్కను చూడండి, ఫొటో తీసుకోండి, పిల్లలకు ఆకులు లెక్కపెట్టించండి.

తినాలనిపిస్తే జడ కొనుక్కోండి. డకోటాల్లో పౌవౌ అనే నృత్యోత్సవాలు జరిగే చోట, రిజర్వేషన్ల దగ్గరి సంతల్లో, దారి పక్కన కార్ల మీద పరిచి వేసవిలో అమ్ముతారు. చెప్పిన ధర ఇవ్వండి. బేరమాడకండి.

ఆంధ్ర, తెలంగాణల్లో పెంచవచ్చా?

పెంచాలని చూడకండి. గడ్డకట్టే చలికాలం, పొడి వేసవి ఉన్న మైదానాల మొక్క ఇది. మన రుతువుల వరస వేరు. పైగా విదేశీ విత్తనాలనూ మొక్కలనూ దేశంలోకి తేవడానికి 2003 నాటి ప్లాంట్ క్వారంటైన్ ఉత్తర్వు ప్రకారం అనుమతులు కావాలి. సూట్‌కేసులో గుప్పెడు గింజలు పడేసుకుని రావడం కుదరదు. దుంపల మీద అంత ఇష్టం ఉంటే మన అడవి దుంపలను, మన్యం సంతల్లో గిరిజనులు తెచ్చి అమ్మేవాటిని అడిగి తెలుసుకోండి. వాటి పేర్లు తెలిసినవాళ్ళు మన దగ్గరా తగ్గిపోతున్నారు.

తవ్వినచోట మళ్ళీ మొక్క ఎలా వస్తుంది?

గింజ ముదిరాకే తవ్వాలన్న కట్టుబాటు అందుకే. జడ అల్లిన ఆ పెద్దావిడ తవ్వేటప్పుడు చేసిన పని ఇది. దుంపను బయటికి తీయగానే మొక్క పైభాగాన్ని విరిచి పారేయలేదు. ఎండుతున్న కంకిని అరచేతుల మధ్య నలిపి, గింజలను ఆ గుంతలోనే రాల్చారు. లేచిన గడ్డి పెళ్ళను మళ్ళీ దాని చోట పెట్టి, మడమతో రెండుసార్లు అదిమారు. అక్కడ తవ్వినట్టు ఆనవాలు లేదు. ఇక్కడికి మళ్ళీ ఎప్పుడు వస్తారని అడిగాను. నాలుగేళ్ళకు అన్నారు, పక్క గుట్ట వైపు నడుస్తూ.